జబ్బా, దెబ్బా?

2024 జూన్ 10, గాజువాక

హార్బరులో కాంట్రాక్టు పనిచేసే రిగ్గరు ఒకతను సాయంత్రం యూనియన్ ఆఫీసుకి వచ్చాడు. వైరు రోపుకీ షాకిలుకీ మధ్య నలిగి చూపుడువేలు మొదలంటా పోయింది. ఈఎస్ఐ సర్టిఫికెట్లన్నీ మామూలు జబ్బు కింద ఉన్నాయి. "ఇంటికాడ పడిపోనానని సెప్పమన్నారండి. నేదంటే పనుండదన్నారు."

రాత్రి పొద్దుపోయినా కోపం చల్లారలేదు.

జూన్ 11

లెక్క వేశాను. అతని సగటు కూలి రోజుకి 600. జబ్బు భత్యం 70 శాతం, అంటే 420. అదీ ఏడాదిలో 91 రోజులకే, ఆరు నెలల్లో 78 రోజుల చందా ఉంటేనే. పనిలో తగిలిన దెబ్బయితే 90 శాతం, 540, తగ్గేదాకా. చందా రోజుల నిబంధన లేదు; చేరిన రోజే తగిలినా ఇవ్వాల్సిందే.

అసలు నష్టం ఆ తర్వాత ఉంది. ఈఎస్ఐ చట్టం రెండో షెడ్యూలు ప్రకారం చూపుడువేలు పూర్తిగా పోతే సంపాదన శక్తిలో 14 శాతం పోయినట్టు. 540లో 14 శాతం: రోజుకి 75 రూపాయల 60 పైసలు, బతికున్నంతకాలం. మళ్లీ పనిలోకి వెళ్లినా అది ఆగదు. జబ్బు అని రాసిన ఒక్క మాటతో ఆ పింఛను మొత్తం మాయమవుతోంది!

జూన్ 13

అతని భార్య వచ్చింది. తీసుకున్న డబ్బు వెనక్కి కట్టమంటారేమోనని ఆమె బెంగ. ఒకే రోజులకి రెండు భత్యాలూ ఇవ్వరు, 65వ సెక్షను అంతే. ముందిచ్చింది సర్దుబాటు చేసుకుని మిగతాది ఇస్తారని చెప్పాను. బ్యాంకులో ఏడాదికి 20 రూపాయలు కట్టే సురక్షా బీమా గురించీ అడిగింది. చెయ్యో కాలో కన్నో పోతేనే అది వస్తుంది, వేలికి రాదు. ఈ మాట చెప్పడం కష్టమైంది.

ఈఎస్ఐ ఉన్నవాళ్లకి 1923 నాటి పరిహార చట్టం దారి కూడా మూసే ఉంటుంది, ఈఎస్ఐ చట్టం 53వ సెక్షనుతో. కాబట్టి ఉన్న ఈ ఒక్క దారినీ వదలకూడదు.

జూన్ 19

మొదటి రోజు ఓపీ చీటీ దొరికింది. "రోపులో పడి నలిగింది" అని డాక్టరు చేతిరాతే ఉంది. పక్కనే పనిచేసిన ఇద్దరు సాక్షి సంతకాలు పెట్టారు. రేపు గేటులోపలికి రానిస్తారో లేదో తెలియకుండానే పెట్టారు. వాళ్ల ధైర్యానికి దణ్ణం.

బ్రాంచి ఆఫీసులో అర్జీ ఇచ్చాం. పని దెబ్బగా ఒప్పుకుంటే మెడికల్ బోర్డుకి పంపమని అడుగుతాం. కాదంటే 75వ సెక్షను కింద ఈఎస్ఐ కోర్టుకే.