అడుగుల చప్పుడు

‘మై మిస్టర్’ను ఒకటిన్నర స్పీడులో పెట్టి శని, ఆదివారాల్లో లాగించేశానని మా పిన్ని కూతురు ఫోన్లో చెప్పినప్పటినుంచి నాకు ప్రాణం ఉసూరుమంటోంది. ‘‘అందులో ఏం జరగదక్కా, ఊరికే నడుస్తుంటారు’’ అంది. నడవడమేనమ్మా అందులో జరిగేది!

2018లో కొరియాలో టీవీఎన్ చానెల్లో వచ్చిన 16 ఎపిసోడ్ల సీరియల్ అది. రాసింది పార్క్ హే యంగ్, తీసింది కిమ్ వన్ సోక్. నటి ఐయూ వేసిన జీ ఆన్ పాత్రకి 21 ఏళ్లు. సియోల్‌లో ఒక ఆఫీసులో టెంపరరీ ఉద్యోగం. నెత్తిన తను చెయ్యని అప్పు, ఇంట్లో వినలేని, మాట్లాడలేని బామ్మ. రాత్రిళ్లు హోటల్లో గిన్నెలు తోమి, అక్కడ మిగిలిన తిండి తెచ్చుకుంటుంది. ఆఫీసులో కాజేసిన కాఫీ మిక్స్ ప్యాకెట్లు రెండు ఒకే కప్పులో ఒంపుకుని, చీకటి గదిలో ఒక్కతే కూర్చుని తాగుతుంది. ఒక్కోసారి అదే ఆమె రాత్రి భోజనం. ఆ తాగడాన్ని దర్శకుడు ఆమె తాగినంతసేపూ చూపిస్తాడు. తొందరపెడితే ఇంకేం మిగులుతుంది?

ఇక సీరియల్లోని ఫోన్ సంగతి. డబ్బుకి ఆశపడి, పై ఉద్యోగి డాంగ్ హూన్‌ని ఆఫీసులోంచి పంపించేయడానికి అతని ఫోన్‌లో రహస్యంగా యాప్ పెడుతుంది. ఇయర్‌ఫోన్స్ తగిలించుకుని అన్నీ వింటుంది. రానురాను ఆమె చెవులు వెతుక్కునేది అతని మాటల్ని కాదు. మెట్లెక్కే చప్పుడు, ఆయాసం, నిట్టూర్పు. ఇంట్లో చేతి సైగలతోనే మాట్లాడుకునే పిల్లకి ఒక మనిషి అలికిడే తోడవుతుంది. దాన్ని ఒకటిన్నర స్పీడులో వింటే, అలసిపోయి ఇల్లు చేరే మనిషి అడుగులు కాస్తా బస్సు కోసం పరిగెత్తేవాడి అడుగులైపోతాయి. కూర తరుగుతూ, బట్టలు మడతపెడుతూ చూడదగ్గ సీరియళ్లు బోలెడున్నాయి, నాకూ ఇష్టమే. దీన్ని మాత్రం కూర్చుని, చెవులొగ్గి వినాలి.

డాంగ్ హూన్‌గా చేసిన లీ సన్ క్యున్‌ది ఏం గొంతు! లోతుగా, బరువుగా, మాట పెదవి దాటడానికే ఇష్టపడనట్టు. 2023 డిసెంబరులో ఆయన పోయాక ఈ సీరియల్ మళ్లీ పెట్టుకుంటే, జీ ఆన్ ఇయర్‌ఫోన్స్ సర్దుకున్నప్పుడల్లా నా గొంతు పూడుకుపోయింది. ‘పారసైట్’ సినిమా చూసినవాళ్లకి ఆయన పెద్ద బంగళా యజమానిగానే గుర్తు. 2010లో వచ్చిన ‘పాస్తా’ సీరియల్ చూడండి. అదే గొంతుతో హోటల్ వంటగదంతా అదిరిపోయేలా కేకలేస్తాడు. అది కూడా మామూలు స్పీడులోనే చూడండి.