మామగారి అర్జీ

తెలుగు ఎమ్మే ప్యాసైనవాడికి పాఠం చెప్పడం ఎట్లాగూ తప్పదు. ఊళ్ళోవాళ్ళకు అర్జీలు రాసిపెట్టడం కూడా తప్పదని ఇరవై ఏళ్ళుగా చూస్తున్నాను. కరెంటు మీటరు మొదలు పెళ్ళి శుభలేఖ దాకా అందరూ నా దగ్గరికే వస్తారు. మా మామగారు మాత్రం ఏనాడూ రాలేదు. ముప్ఫయి నాలుగేళ్ళు హైస్కూల్లో లెక్కలు చెప్పిన మనిషి. ఒకరిని అడగడమంటే ఆయనకు చచ్చేటంత నామర్దా.

అటువంటి మనిషి కిందటి కార్తీకమాసంలో చంకలో ఫైలు పెట్టుకుని వచ్చి, కాఫీ చల్లారిందాకా కూర్చుని, చివరికి అన్నారు:

"అల్లుడుగారూ, ఒక కాగితం రాసిపెట్టాలి."

ఆయన రిటైరై పదిహేను నెలలైంది. పింఛనే ఆరునెలలు ఆలస్యంగా మొదలైంది. గ్రాట్యుటీ పైసా రాలేదు. ఆఫీసుకు వెడితే బిల్లు పాసైందంటారు. డబ్బేదీ అంటే పైనుంచి రావాలంటారు. ఆ 'పైన' ఎక్కడుందో దేవుడికే తెలియాలి. అత్తగారి కంటి ఆపరేషన్ ఇందువల్లే వాయిదా పడుతోందని మామగారు చెప్పలేదు. మా ఆవిడ చెప్పింది.

నేను విజృంభించాను. 'మహారాజశ్రీ' అని మొదలుపెట్టి, తమ కరుణాకటాక్షములనీ, దీనుని మొర ఆలకింపుడనీ మూడు పేజీలు దంచాను. మామగారు చదివి "భాష బాగుంది" అన్నారు. ఆయన మొహం మాత్రం బాగాలేదు.

మర్నాడు దాన్ని మా వీధి చివర ప్లీడరుగారికి చూపించాను. ఆయన ఎర్ర పెన్సిలు తీసి నా కరుణాకటాక్షాలన్నీ కొట్టేశారు. ఏ విద్యార్థి పేపరు మీదా నేనంత ఎరుపు పెట్టి ఎరగను.

"బాకీ వసూలుకు వెళ్ళేవాడు కాళ్ళమీద పడతాడా, మేష్టారూ?" అన్నారాయన.

పింఛను ఆస్తి అని సుప్రీంకోర్టు 1971లోనే దేవకీనందన్ ప్రసాద్ కేసులో చెప్పిందట. 1982 డిసెంబరు 17న నకారా కేసులో మరింత గట్టిగా చెప్పింది: అది సర్కారు దయాధర్మం కాదు, చేసిన సేవకు దక్కవలసినది. పింఛనుదార్లు ఆ తేదీని తమ దినంగా జరుపుకునేది అందుకే. 1984లో కేరళకు చెందిన పద్మనాభన్ నాయర్ కేసులో, ఆఫీసు తప్పువల్ల పింఛనూ గ్రాట్యుటీ ఆలస్యమైతే, రిటైరైన రెండు నెలల తరువాతనుంచీ బజారు రేటున వడ్డీ కట్టాలన్నది. చట్టం ఆధారం లేకుండా, ఒట్టి ఆఫీసు ఉత్తర్వుతో పింఛను ఆపడానికి రాజ్యాంగం 300-ఎ అధికరణం ఒప్పదని 2013లో జార్ఖండ్ కేసులో తేల్చింది.

"ఖజానాలో డబ్బు లేదంటేనో?" అని అడిగాను.

"ఆ మాటా అయింది" అన్నారు. 2020లో కరోనా వచ్చినప్పుడు ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వం జీతాల్లో, పింఛన్లలో కొంత ఆపింది. ఒక రిటైర్డు జిల్లా జడ్జిగారు హైకోర్టుకెక్కారు. పన్నెండు శాతం వడ్డీతో ఇమ్మని తీర్పు వచ్చింది. 2021 ఫిబ్రవరిలో సుప్రీంకోర్టు దాన్ని ఆరుకు తగ్గించింది. వడ్డీని మాత్రం కొట్టెయ్యలేదు.

"అయితే జాప్యం మనది కాదని తేలాలి. మామగారు ఏ కాగితం ఏ తేదీన ఇచ్చారో వరసగా రాయండి. నకలు మీద ఆఫీసు ముద్ర వేయించుకోండి. అప్పటికీ పలక్కపోతే హైకోర్టులో రిట్టు వేద్దాం."

మూడు పేజీలు పోయి పది పంక్తులు మిగిలాయి. మామగారు దాన్ని రెండుసార్లు చదివి, "చివర 'ప్రార్థన' అని లేదేం?" అన్నారు. అక్కరలేదన్నాను. సంతకం పెట్టేముందు చాలాసేపు కలం పట్టుకుని కూర్చున్నారు.

సంక్రాంతి వెళ్ళిన వారానికి గ్రాట్యుటీ పడింది. అర్జీవల్ల పడిందో, వంతు వచ్చి పడిందో చెప్పలేను. అత్తగారి కన్ను బాగైంది. వడ్డీ ఊసు మాత్రం ఎవరూ ఎత్తలేదు; మామగారూ ఎత్తరనే అనుకున్నాను.

మొన్న ఆదివారం ఆయన మళ్ళీ ఫైలుతో వచ్చారు. ఈసారి కాఫీ వేడిగానే తాగారు. గళ్ళ కాగితం ఒకటి నా ముందు పరిచారు. నెలనెలకూ, రోజుతో సహా, వడ్డీ లెక్క.

"ఆరు శాతానికీ వేశాను, పన్నెండుకీ వేశాను. ఏది అడుగుదామంటారు, అల్లుడుగారూ?"