ఆ జబ్బు పిల్లను సాకిందెవరు?

ఒరేయ్ రామం,

మీ అపార్ట్‌మెంట్ మీటింగులో వీధికుక్కల్ని పట్టించి ఊరవతల వదిలేద్దామన్నారనీ, నువ్వూ తలూపి వచ్చావనీ రాశావు. కుక్కల మాటెత్తితే నేను ఊరుకోనని తెలిసి కూడా రాశావంటే, నాలుగు మాటలు అనిపించుకోవాలనే కదా? అయితే తీరిగ్గా కూర్చుని చదువు.

ముందు ఇక్కడి కబుర్లు. ఆవకాయ పెట్టేశాం. నీ వాటా చిన్న జాడీలోకి తీసి ఉంచింది మీ చెల్లాయి. మన వీధి నల్లకుక్క ఎదురింటి అరుగు కింద పిల్లల్ని పెట్టింది. అందులో ఒకదానికి నలతగా ఉంటే పశువుల డాక్టరుకి చూపించి తెచ్చాను. "వీధికుక్కకి డాక్టరేమిట్రా?" అంటావు, నాకు తెలుసు. ఇది నిన్నా మొన్నా పుట్టిన వింత కాదు, జర్మనీలో దీనికి 14,000 ఏళ్లనాటి సాక్ష్యం ఉంది.

1914లో బాన్ నగరం దగ్గర ఓబర్‌కాసెల్‌లో రాళ్లు తవ్వుతున్న కూలీలకు ఒక సమాధి బయటపడింది. ఒక మగమనిషి, ఒక ఆడమనిషి, వాళ్లతోపాటు పూడ్చిన ఒక కుక్కపిల్ల. అప్పటికింకా సేద్యం లేదు, పాడి లేదు, మనిషి దగ్గరికి ఆవూ మేకా రాలేదు. కుక్క మాత్రం వచ్చేసింది. ఆ పిల్ల పళ్లను పరీక్షించి 2018లో పరిశోధకులు చెప్పిందేమిటంటే, ఐదో నెలలో దానికి డిస్టెంపర్ సోకింది. విడతలు విడతలుగా తిరగబెట్టింది. అయినా కొన్ని వారాలు బతికి, దాదాపు ఏడు నెలల వయసులో పోయింది. జ్వరం, వాంతులు, విరేచనాలు పట్టుకునే జబ్బది. నీళ్లు పట్టి, ఒళ్లు శుభ్రం చేసి, వెచ్చగా పడుకోబెట్టేవాళ్లు లేకపోతే అన్నాళ్లు బతికేది కాదని వాళ్లు తేల్చారు.

"వేటకీ కాపలాకీ పనికొస్తుందని పెంచుకున్నారు, అంతే" అనబోతున్నావు కదూ? లేచి నిలబడలేని పిల్ల ఏం వేటాడింది, ఎవరికి కాపలా కాసింది? తమ తిండికే రోజూ వెతుక్కునే మనుషులు దానికి సేవ చేశారు. చనిపోయాక తమవాళ్ల పక్కన చోటిచ్చారు. అవసరం వల్లే స్నేహం కలిసిందంటే ఒప్పుకుంటాను. ఆ పిల్ల నాటికే అది అవసరాన్ని దాటిపోయింది.

అసలు తోడేలు కుక్క ఎలా అయింది? మన పెద్దలెవరో పట్టుకొచ్చి కట్టేశారని చిన్నప్పుడు అనుకునేవాళ్లం. మనిషిని చూసి మరీ బెదిరిపోని తోడేళ్లు విడిదుల చుట్టూ ఎముకలకోసం చేరి, తరతరాలుగా దగ్గరయ్యాయని చాలామంది శాస్త్రజ్ఞుల మాట. ఆ మార్పు ఎలా వచ్చి ఉంటుందో చూడాలని 1959లో బెల్యాయెవ్ అనే రష్యన్ శాస్త్రవేత్త సైబీరియాలో నక్కల మీద ఒక ప్రయోగం మొదలుపెట్టాడు. బొచ్చుకోసం ఫారాల్లో పెంచే నక్కలవి. అందం చూడలేదు, బలం చూడలేదు. మనిషి దగ్గరికి వెళితే ఏది మెతగ్గా ఉంటుందో దాన్నే తర్వాతి తరానికి ఎంచుకుంటూ పోయాడు. కొద్ది తరాల్లోనే అవి తోకలూపడం, చేతులు నాకడం మొదలుపెట్టాయి.

అంటే కుక్కతో స్నేహం మనం ఒక్కళ్లం చేసుకున్న ఏర్పాటు కాదు. సగం దూరం అదే నడిచొచ్చింది. వచ్చాక దాని ఒళ్లే మారింది. పిండిపదార్థాన్ని అరిగించే ఒక జన్యువు తోడేలుకు రెండు ప్రతులుంటే, కుక్కల్లో 4 నుంచి 30 దాకా ఉన్నట్టు 2013లో స్వీడన్ పరిశోధకులు చూపించారు. మనం సేద్యంలోకి దిగి గింజలు తినడం మొదలుపెడితే, అదీ మన తిండికి అలవాటుపడింది. నల్లకుక్క పప్పన్నం గిన్నె ఖాళీ చేస్తుంటే నాకు గుర్తొచ్చేది అదే. కిందటి సంక్రాంతికి "నేను కుక్కల్ని ముట్టుకోను" అంటూనే దానికి అరిసె పెట్టిందెవరో కూడా గుర్తొస్తుందనుకో!

"మరి కరిస్తే?" అంటావు. అది తేలిగ్గా తీసిపారేసే మాట కాదు. రేబిస్ లక్షణాలు బయటపడ్డాక బతకడం దాదాపు అసాధ్యం. పిల్లలున్న ఇళ్లవాళ్ల భయం నిజమైనదే. కరిచినా గీరినా వెంటనే సబ్బుతో, పారే నీళ్లతో పదిహేను నిమిషాలు కడిగి, ఆ రోజే ఆసుపత్రికి వెళ్లాలని మీ గేటు దగ్గర బోర్డు పెట్టించు. కానీ కుక్కల్ని తీసుకెళ్లి పారేస్తే భయం తీరుతుందా? చెత్తకుండీ అక్కడే ఉంటుంది, తిండి అక్కడే ఉంటుంది. ఆపరేషన్ అవని, టీకా పడని కొత్త కుక్కలు వచ్చి చేరతాయి. అందుకే 2023లో కేంద్రం తెచ్చిన నిబంధనల్లో, వీధికుక్కలకు పిల్లలు పుట్టకుండా ఆపరేషన్ చేసి, రేబిస్ టీకా వేసి, పట్టుకున్న చోటే వదలమన్నారు.

నన్నయ భారతంలో సరమ కథ నాకంటే నీకే బాగా వచ్చు. తెలుగు మాస్టారు అడిగితే గడగడా చెప్పింది నువ్వే. ఏ తప్పూ చేయని తన పిల్లను యాగశాల దగ్గర కొట్టారని సరమ అనే తల్లికుక్క జనమేజయ మహారాజునే నిలదీసింది. తప్పుందో లేదో చూడకుండా దండించడం రాజుకే తగదని అక్కడ తేలిపోయింది. మరి మీ సంఘానికి తగుతుందా?

నేను చెప్పొచ్చేది ఒకటే. అవి ఎక్కణ్ణుంచో వచ్చిపడ్డవి కావు. అడవికి తిరిగిపోయే దారి వాటికి లేదు, మనతో బతకడానికే తయారైన ప్రాణాలవి. వచ్చే మీటింగులో నువ్వు లేచి చెప్పు: చెత్తకుండీకి మూత, మున్సిపాలిటీకి ఒక అర్జీ, కుక్కలన్నిటికీ ఆపరేషన్, టీకా. ఖర్చుకి చందా అడిగితే మొదటి పేరు నాది రాయి. ఎవరెవరు ఒప్పుకున్నారో, ఎవరు గొణిగారో పేరుపేరునా వివరంగా జవాబు రాయాలి. అది అందాకే ఆవకాయ జాడీ బయల్దేరుతుంది.

నీ
శేషు