అమ్మీ చెవికి తెలిసిన చాష్నీ

అబ్బా బర్సీకి ఫాతిహాలో అల్లం బిళ్ళలు కూడా పెట్టాలని అమ్మీ జిద్. 1992లో ఉక్కు ఫ్యాక్టరీని జాతికి అంకితం చేసేనాటికే అబ్బా అక్కడ షిఫ్టుల్లో ఉన్నారు. నైట్ డ్యూటీకి పోతుంటే జేబులో అమ్మీ చేసిన బిళ్ళలు నాలుగు ఉండాల్సిందే. గొంతు ఆరిపోకుండా బుగ్గన పెట్టుకునేవారు.

బజార్లో అల్లం మురబ్బా దొరుకుతుంది కదా అన్నాను. "వో మురబ్బా హై, యే గోలీ హై" అని కొట్టిపారేసింది. నిజమే. మురబ్బా అన్న అరబ్బీ మాట మన బస్టాండుల్లో ఎప్పుడో తెలుగైపోయింది గానీ, అది కొరికితే పొడిపొడిగా విరుగుతుంది. ఇది గాజులా ఉండాలి. ముష్కిలంతా ఆ గాజు దగ్గరే.

షక్కర్ బీమారీతో అమ్మీకి చూపు మందగించింది. అందుకని పొయ్యి దగ్గర నేను, పక్కన పీటేసుకుని ఆమె.

రెండు గ్లాసుల చక్కెర, దంచిన అల్లం మరిగించి వడకట్టిన నీళ్ళు ఒక గ్లాసు, అర చెక్క నిమ్మరసం. నిమ్మ రుచికి కాదు. ఆ పులుపుకి చక్కెర కొంత గ్లూకోజ్, ఫ్రక్టోజ్‌గా విడిపోతుంది, పాకం మళ్ళీ పలుకు కట్టదు. కరిగాక గరిటె పెట్టి తిప్పకూడదు, అదీ అందుకే. ఏక్ తార్, దో తార్, ఉండ పాకం అన్నీ దాటి 150 డిగ్రీల దాకా పోవాలి. ఇనుము కరగాలంటే 1538 కావాలి, మీ అమ్మీ పొయ్యి మీద పదోవంతే అని అబ్బా మజాక్ చేసేవారు. ఆ పదోవంతు చర్మానికి అంటుకుంటే వదలదు, నా బొటనవేలే గవాహీ.

కొత్త థర్మామీటర్ 150 చూపించింది. చుక్క పాకం చల్లటి నీళ్ళలో వేసి, తీసి పళ్ళేనికి కొట్టాను. అమ్మీ చెవి ఇటు పెట్టి, "అబీ కచ్చా హై బేటీ" అంది. నాకేమో యంత్రం మీద భరోసా. దించేశాను. బిళ్ళలు పళ్ళకు బంకలా అతుక్కున్నాయి. థర్మామీటర్ కొస గిన్నె అడుక్కి తగులుతోందని తర్వాత చూశాను.

రెండోసారి పళ్ళెం టంగుమంది. "బస్" అంది అమ్మీ. దించాకే ఇలాచీ పొడి, నలిపిన సోంపు. ముందే వేస్తే ఖుష్బూ ఆవిరైపోతుంది. నెయ్యి రాసిన పళ్ళెంలో పోసి, గట్టిపడకముందే చాకుతో గీతలు పెట్టాను.

విశాఖలో ఇంకో తంటా సముద్రపు గాలి. తేమకి బిళ్ళలు చెమట పట్టి ఒకదానికొకటి అంటుకుంటాయి. చక్కెర పొడిలో దొర్లించి, వెంటనే డబ్బాలో వేసి మూత బిగించాలి. వానాకాలంలో అయితే అమ్మీ అసలు చేసేదే కాదు.

లెక్కపెట్టి 43 వేశాను. ఫాతిహా అయ్యాక గల్లీ పిల్లలకు పంచుదామని తీస్తే 42. అమ్మీ తస్బీహ్ తిప్పుతూ కూచుంది. ఎడమ బుగ్గ కాస్త ఉబ్బెత్తుగా ఉంది. డాక్టర్ మాట గుర్తొచ్చింది నాకు. అడగలేదు.