ఆటల పెట్టె తాళంచెవి

వీడియో గేమ్‌కి కూడా తాళంచెవి ఉంటుందని మనలో చాలామందికి తెలియదు. పిల్లాడు అడిగితే డిస్కు కొనిపెడతాం, లేదా కార్డు వెనక ఉన్న మూడంకెలు చెబుతాం, అక్కడితో మన పని అయిపోయిందనుకుంటాం. కానీ ఆ ఆటని కంప్యూటర్‌లోకి ఎక్కించేటప్పుడు అది ఒక్క మాట అడుగుతుంది. నన్ను కొన్నది నువ్వేనని రుజువేదీ అంటుంది. ఆ రుజువే కీ. అక్షరాలూ అంకెలూ కలిసిన పొడుగాటి వరస అది. పెట్టెలో ఒక చీటీ మీదో, పుస్తకం వెనక అట్ట మీదో, సీడీ కవరుకి అంటించిన స్టిక్కర్ మీదో ఉంటుంది.

సీడీని ఎవరైనా పది నిమిషాల్లో కాపీ చేసేయగలరు. అందుకే డిస్కులన్నీ ఒకేలా ఉన్నా ఒక్కో పెట్టెకి ఒక్కో కీ ఇచ్చేవాళ్లు. అంటే డబ్బు పెట్టి కొన్న మనిషి దగ్గర ఉండే అసలు సరుకు డిస్కు కాదు, ఆ చీటీ. విచిత్రమేంటంటే మెరిసే డిస్కుని జిప్పు సంచిలో భద్రంగా దాస్తాం, చీటీ ఉన్న అట్టపెట్టెని భోగికి ఇల్లు దులిపేటప్పుడు బయట పడేస్తాం.

ఆటల గురించి ఈవిడకెందుకు అనుకుంటున్నారేమో. ఈ వేసవిలో మా తోటికోడలింట్లో ఒక కీ కోసం నలుగురం కలిసి రెండు రోజులు వెతికాం. అప్పుడు తెలిసినవి మీతో చెప్పాలనిపించింది.

మా మరిది పోయి నాలుగేళ్లయింది. మనిషి నెమ్మది. ఆఫీసు, ఇల్లు, రాత్రి పిల్లాడు పడుకున్నాక ఓ గంట కంప్యూటర్ ఆట. వేరే వ్యసనం లేదు. ఆయన ఆడేది ఏజ్ ఆఫ్ ఎంపైర్స్ 3. అది 2005లో వచ్చింది. దానికి అనుబంధంగా 2007లో ఏషియన్ డైనాస్టీస్ అని ఇంకోటి వచ్చింది. అందులో చైనా, జపాన్‌లతో పాటు మన దేశం కూడా ఉంటుంది. ఊరు కట్టుకోవాలి, కట్టెలు కొట్టించాలి, పంటలు పండించాలి, సైన్యాన్ని పెంచుకోవాలి. మన దేశం తరఫున ఆడేవాళ్లు ఆవుల్ని తిండి కోసం చంపరు. వాటికి ప్రత్యేకంగా ఒక పొలం కట్టి అందులో మేపుతారు, దానికి పుణ్యంలాగా పాయింట్లొస్తాయి. ఆ సంగతి మా మరిది చెబితే మా అత్తయ్య గారు కూడా కళ్లజోడు సవరించుకుని వచ్చి చూసి, "పర్వాలేదురా, మంచి ఆటే" అన్నారు.

ఆయన పోయాక ఆ కంప్యూటర్‌ని ఎవరూ కదపలేదు. మా తోటికోడలు వారానికోసారి దుమ్ము తుడిచేది, అంతే. పిల్లాడు, వాణ్ని ఇంట్లో చంటి అంటాం, ఈ ఏడు పదో తరగతి పరీక్షలు రాశాడు. సెలవులిచ్చాక నాన్న ఆట ఆడతానని దాన్ని ఆన్ చేస్తే నల్ల తెర తప్ప ఇంకేం రాలేదు. బజార్లో రిపేరు షాపుకి తీసుకెళ్లారు. విండోస్ పోయిందని, మళ్లీ వేయాలని, ఫోటోలూ డాక్యుమెంట్లూ మాత్రం తీసి ఇస్తానని ఆ కుర్రాడు చెప్పాడు. చెప్పినట్టే తీసిచ్చాడు. కంప్యూటర్ బాగానే ఇంటికొచ్చింది, ఆట మాత్రం లేదు. మళ్లీ ఎక్కించాలంటే డిస్కులూ కీలూ కావాలి.

డిస్కులు దొరికాయి. మొదటి ఆట పెట్టె ఉంది, దాని మీద కీ ఉంది. అనుబంధానికి మాత్రం డిస్కు ఒక్కటే, పెట్టె లేదు. దానికి కీ వేరే. మొదటిదాని కీ దీనికి పనికిరాదు.

షాపు కుర్రాడికి ఫోన్ చేస్తే, "కీ ఎందుకండీ, క్రాక్ వేసిచ్చేస్తా, ఐదు నిమిషాల పని" అన్నాడు. నిజానికి అది సులువైన దారే. నెట్‌లో వెతికినా ఉత్తుత్తి కీలు తయారుచేసిచ్చే ప్రోగ్రాములు కుప్పలుగా దొరుకుతాయి. వాటిలో సగానికి పైగా కంప్యూటర్‌లోకి దొంగని పిలిచి కూర్చోబెట్టేవేనని నా అనుమానం. ఇంట్లో బ్యాంకు పనులు కూడా ఆ కంప్యూటర్‌ మీదే చేసుకునేవాళ్లకి ఆ బేరం అసలు పనికిరాదు. కానీ చంటి చెప్పిన కారణం వేరే. "నాన్న డబ్బులు పెట్టి కొన్నాడు పెద్దమ్మా. కొన్నదాన్ని మనం దొంగతనంగా ఎందుకు ఆడాలి?" అన్నాడు. పదిహేనేళ్ల పిల్లాడు అడిగిన దానికి మా దగ్గర ఎదురు మాట లేదు. వెతకడం మొదలుపెట్టాం.

పుస్తకాల బీరువా, అటక మీది అట్టపెట్టెలు, ఆయన ఆఫీసు బ్యాగు, పాత డైరీలు, అన్నీ అయ్యాయి. ఒక్కో డైరీ తెరిచినప్పుడల్లా మా తోటికోడలు కాసేపు అక్కడే ఆగిపోయేది. నేను తొందరపెట్టలేదు. చివరికి దొరికింది ఎక్కడో తెలుసా? ఆవిడ వారంటీ కార్డులు దాచే ప్లాస్టిక్ ఫైల్లో. మిక్సీ కార్డు, గ్రైండర్ బిల్లు, గ్యాస్ కనెక్షన్ కాగితం, వాటి మధ్యలో ఆ ఆట కవరు అట్ట. "ఏదో నంబరుంది కదా, పనికొస్తుందేమోనని అప్పుడెప్పుడో ఇందులో పెట్టాను అక్కా" అంది. అదేంటో ఆవిడకి తెలియదు. నంబరున్న కాగితాన్ని పారేయకూడదని మాత్రం తెలుసు. మన ఆడవాళ్ల ఈ అలవాటు మీద మగవాళ్లు ఎన్ని జోకులేస్తారో మీకూ తెలుసు.

కథ అక్కడితో అవలేదు. స్టిక్కర్ మీద ఇరవై ఐదు అక్షరాలు, ఐదేసి చొప్పున ఐదు గుంపులు. మూడో గుంపులో ఒక అక్షరం దగ్గర అచ్చు చెరిగిపోయింది. గుండ్రంగా ఉంది. సున్నా కొట్టాడు చంటి, తీసుకోలేదు. ఇంగ్లీషు ఓ కొట్టాడు, తీసుకోలేదు. మళ్లీ షాపు కుర్రాడికే ఫోన్. ఈసారి అతను మంచి మాట చెప్పాడు. "మైక్రోసాఫ్ట్ వాళ్ల ఇరవై ఐదక్షరాల కీల్లో సున్నా, ఓ రెండూ ఉండవండీ. జనం పొరబడతారని ముందే తీసేశారు. ఒకటీ ఐదూ కూడా ఉండవు. అసలు ఏ, ఈ, ఐ, ఓ, యూలే ఉండవు" అన్నాడు. నేను బీయే తెలుగు చదివినదాన్ని. అచ్చులు లేకుండా ఒట్టి హల్లులతోనే రాసిన వరసన్నమాట అనుకుని నవ్వుకున్నాను. అలాంటప్పుడు గుండ్రంగా ఉండేది ఇంకేముంది? క్యూ! తోక చెరిగిపోయిన క్యూ. చంటి అది కొట్టగానే కీ తీసుకుంది.

షాపులో తీసిచ్చిన డాక్యుమెంట్లలో మై గేమ్స్ అనే ఫోల్డర్ ఉంది. ఆడినవాళ్లు దాచుకున్న ఆటలన్నీ అందులోనే ఉంటాయట. దాన్ని తీసుకెళ్లి మళ్లీ దాని చోట పెట్టాడు. ఈ ఆటలో ప్రతివాళ్లకీ ఒక సొంత నగరం ఉంటుంది. దానికి మనమే పేరు పెట్టుకోవచ్చు. ఆడేకొద్దీ దాని స్థాయి పెరుగుతుంది, ఒక ఆట అయిపోయినా నగరం అలాగే ఉంటుంది. చంటి ఆట తెరిచి నగరాల జాబితా చూశాడు. అందులో మా మరిది కట్టుకున్న నగరం ఉంది. పేరు ఇంగ్లీషు అక్షరాల్లో చంటిపురం.

ఆ గదిలో కాసేపు ఎవరం మాట్లాడలేదు. "నాకెప్పుడూ చెప్పలేదక్కా" అంది మా తోటికోడలు. రోజూ రాత్రి ఆ గంటసేపు ఆయన ఏం చేస్తున్నాడో ఆవిడకి అప్పుడు తెలిసింది. చంటి మాత్రం వెంటనే ఆడలేదు. ముందు ఆ ఫోల్డర్‌ని రెండు పెన్‌డ్రైవ్‌లలోకి కాపీ చేసి, ఒకటి వాళ్లమ్మ చేతిలో పెట్టాడు. తర్వాత ఆడాడు. వారం రోజుల్లో చంటిపురం రెండు స్థాయిలు పెరిగింది.

ఇది బాగానే జరిగింది. జరగనిది కూడా ఒకటుంది, అదీ చెబుతాను. మా మరిదికి ఒక ఆన్‌లైన్ ఆటల దుకాణంలో ఖాతా కూడా ఉండేది. అందులో ఇంకో పదిహేను ఇరవై ఆటలు కొన్నాడని బ్యాంకు స్టేట్‌మెంట్లలో కనబడుతోంది. పాస్‌వర్డ్ ఎవరికీ తెలియదు, ఆ ఫోన్ నంబరు ఎప్పుడో ఆగిపోయింది. పోనీ అర్జీ పెడదామని షరతులు చదివితే, ఖాతా ఎవరిదో వాళ్లదే, ఇంకొకరికి బదిలీ చేయడానికి వీల్లేదని ఉంది. డిస్కు మీద కొన్న ఆట తండ్రి నుంచి కొడుక్కి వచ్చింది. ఆన్‌లైన్‌లో కొన్నవి రాలేదు.

ఆలోచిస్తే ఆ రెండో రకంలో మనం కొంటున్నది వస్తువు కాదు, ఆడుకోవడానికి అనుమతి. సొంతిల్లు అనుకుంటాం గానీ అది అద్దె ఇల్లే, అద్దె మొత్తం ఒకేసారి కట్టామంతే. అమెరికాలోని కాలిఫోర్నియాలో దీని గురించి ఒక చట్టమే చేశారు. 2025 జనవరి 1 నుంచి అమల్లో ఉంది. డిజిటల్ సరుకుని "కొనండి" అని అమ్మేవాళ్లు, ఇచ్చేది లైసెన్సు మాత్రమేనని కొనేవాళ్లకి తెలిసేలా చెప్పాలి. స్టీమ్ లాంటి దుకాణంలో డబ్బు కట్టేముందు ఇప్పుడు ఆ ముక్క కనిపిస్తుంది, ఈసారి చదవండి.

ఇక మీ ఇంట్లో వెతకాల్సి వస్తే ఎక్కడ చూడాలో నాకు తెలిసినంతలో చెబుతాను. డిస్కు ఆటలైతే సీడీ కవరు వెనక, మధ్యలో పుస్తకం ఉంటే దాని వెనక అట్ట మీద చూడండి. ఆన్‌లైన్‌లో కొన్నవైతే కొన్న రోజు వచ్చిన ఈమెయిల్ వెతకండి, ఆట పేరు కొడితే చాలు. స్టీమ్‌లో ఉన్న ఆటైతే లైబ్రరీలో దాని పేరు మీద రైట్ క్లిక్ చేసి మేనేజ్‌లోకి వెళ్లండి. విడిగా కీ ఉన్న ఆటలకి అక్కడ సీడీ కీస్ అని ఉంటుంది. కొన్ని పాత ఆటలు కీని కంప్యూటర్‌లోనే, విండోస్ రిజిస్ట్రీ అనే చోట రాసిపెట్టుకుంటాయి. నీడ్ ఫర్ స్పీడ్ పాతవి కొన్ని అలాంటివే. అందుకని కంప్యూటర్ ఫార్మాట్ చేయించేముందే కీలు తీసి ఇవ్వమని షాపువాళ్లని అడగండి. ఫార్మాట్ అయ్యాక అవి కూడా పోతాయి.

దొరికిన కీని ఫోటో తీసి వాట్సాప్ గ్రూపుల్లో పెట్టకండి. చాలా కీలు ఒక్కసారే పనిచేస్తాయి, ముందు ఎవరు వాడుకుంటే వాళ్లకే. ఎంత బతిమాలినా ఫోన్‌లో ఎవరికీ చదివి వినిపించొద్దని పిల్లలకి చెప్పండి. ఓటీపీ లాంటిదే ఇది కూడా.

ఆన్‌లైన్ ఖాతాల సంగతికొస్తే, ఇంట్లో అందరూ బాగున్నప్పుడే మాట్లాడుకోవాలి. స్టీమ్‌లో 2024 నుంచి ఆరుగురి దాకా ఒక కుటుంబంగా చేరొచ్చు. ఎవరి ఖాతా వాళ్లదే, ఆటలు మాత్రం చాలావరకు కలిపి వాడుకోవచ్చు. మీ వారూ మీ అబ్బాయీ ఇద్దరూ ఆడేవాళ్లైతే ఇది చూడండి, ఒకే ఆటని రెండుసార్లు కొనే ఖర్చు కూడా తప్పుతుంది.

మా తోటికోడలు ఇప్పుడు ఒక కొత్త నోటుపుస్తకం పెట్టింది. ఎల్‌ఐసీ పాలసీ నంబర్లు, లాకర్ వివరాలు, కరెంటు సర్వీసు నంబరు అన్నీ వరసగా రాసుకుంది. నాలుగో పేజీలో చంటి ఆటల కీలు రాయించింది. క్యూ ఉన్నచోట తోక కొంచెం పొడుగ్గా గీశాడు వాడు. మీరు కూడా ఈ ఆదివారం అలాంటి పుస్తకం ఒకటి తీసి, మీ ఇంట్లో మగవాళ్లనీ పిల్లలనీ ఒక అరగంట కూర్చోబెట్టండి. ఆటలేగా అని వాళ్లు నవ్వితే నవ్వనివ్వండి, రాయించడం మాత్రం మానకండి.