తవుడు పోసి కొన్న పిల్లలు

"అమ్మా, నేనెక్కణ్ణుంచి వచ్చాను?" అని అడిగిన పిల్లలకు తెలుగిళ్లలో తరతరాలుగా దొరికే జవాబొకటుంది: "నిన్ను తవుడు పోసి కొన్నాం." బియ్యం మరపట్టేటప్పుడు రాలి, గేదెల కుడితిలో కలిసే తవుడు! బంగారమనో వెండనో చెప్పకుండా దాన్నే ఎంచుకున్న మొదటి తల్లికి దండం పెట్టాలనిపిస్తుంది నాకు.

మా పక్కింటి ఆరేళ్ల పాప ఆ మాట విని బెంగపడలేదు, నేరుగా బేరంలోకి దిగింది.

"ఎన్ని కేజీలు పోశావు?"

"రెండు."

"మరి తమ్ముడికో?"

"అరకేజీ. బక్కగా ఉన్నాడుగా."

"అయితే వాణ్ణి మార్చుకొచ్చేద్దాం. మొన్న నా గౌను మార్చలేదూ!"

"బిల్లు పోయిందే."

పాప బీరువా తలుపు తీసి చీరల మడతలన్నీ వెతికింది. వాళ్లమ్మ నవ్వలేదు. పక్కన కూర్చుని తనూ వెతికింది. ఈ వేళాకోళానికి ప్రాణం అక్కడే ఉంది. మాటకు తలా తోకా ఉండవు, లెక్క మాత్రం పక్కాగా నడుస్తుంది. మధ్యలో పెద్దవాళ్లు ఫక్కున నవ్వి "పిచ్చి మొహమా" అన్నారా, ఆట చెడిపోయినట్టే.

ముళ్లపూడి వెంకటరమణ 1956-57లో ఆంధ్ర వారపత్రికలో రాసిన 'బుడుగు' ఇప్పటికీ తాజాగా ఉండటానికి కారణం కూడా ఇదేనని నా నమ్మకం. అమ్మానాన్నల్ని రాధ, గోపాలం అని పేర్లతో పిలిచే ఆ పిల్లాడి లెక్కను ఆయన ఎక్కడా దిద్దలేదు.

అయితే తవుడు మాట నిజమనుకుని పిల్ల కింది పెదవి వణికిందా, ఆ క్షణమే ఒళ్లోకి లాక్కుని "నా కడుపులోంచే వచ్చావు తల్లీ" అనాలి. పిల్ల ఏడ్చేదాకా సాగదీసే చుట్టాలంటే నాకు ఒళ్లు మంట.

నానమ్మలు ఈ హద్దు ఎరిగినవాళ్లు. బావిలో సూది పడేసుకున్న అవ్వ కథ వాళ్లదే. పిల్లాడు అలవాటు కొద్దీ "ఊ" కొడతాడు. "ఊ అంటే సూది వస్తుందా?" "రాదు." "రాదంటే వస్తుందా?" వాడు నోరు మూసుకుంటే, "మూసుక్కూర్చుంటే వస్తుందా?" రాత్రంతా చెప్పినా ఆ సూది పైకి రాదు. ఉక్రోషంతో కాళ్లు తన్నుకున్న పిల్లాడే మర్నాడు నానమ్మ పక్కలో చేరి, "అనగనగా ఒక అవ్వ" అని మొదలుపెడతాడు. అంతా తెలిసిన నానమ్మ ఏమీ ఎరగనట్టు "ఊ" అంటుంది.