మాటలు తక్కువ, రాసింది ఎక్కువ

మన సినిమా టైటిల్స్‌లో ‘కథ’ పక్కనే ‘మాటలు’ అని ఇంకో పేరు పడుతుంది. థియేటర్లో విజిల్స్ పడేది కూడా ఆ మాటలకే. అందుకే రచయిత అనగానే మనకు ముందు డైలాగే గుర్తొస్తుంది. మరి డైలాగులు పెద్దగా లేని సినిమాకి రచయిత ఏం రాసినట్టు?

ఓ పాత ఫిన్లాండ్ సినిమా చూశాక ఈ ప్రశ్న నన్ను పట్టుకుంది. పేరు ‘వాల్కోయినెన్ పెఉరా’, అంటే తెల్ల రెయిండీర్. హెల్సింకీలో ఒలింపిక్స్ జరిగిన 1952లోనే వచ్చింది. బ్లాక్ అండ్ వైట్, గంటంపావు కూడా ఉండదు. రాసింది మిర్యామి కువోస్మానెన్, ఆమె భర్త ఎరిక్ బ్లోంబెర్గ్. డైరెక్షన్, కెమెరా ఆయనవి. హీరోయిన్ ఆమే.

అప్పటికి ఆమె పదేళ్లకు పైగా సినిమాల్లో ఉన్న నటి. ఆ రోజుల్లో అక్కడి పెద్ద స్టూడియోల్లో పల్లెటూరి ప్రేమకథలు, సైనికుల కామెడీలు బాగా నడిచేవి. వీళ్లిద్దరూ ఆ దారి వదిలేసి, చిన్న కంపెనీతో లాప్‌లాండ్ మంచులోకి వెళ్లారు.

కథ సింపుల్. పిరితాకి కొత్తగా పెళ్లైంది. భర్త అస్లాక్ రెయిండీర్ల మందతో రోజుల తరబడి బయటే ఉంటాడు. ఇంట్లో తనొక్కతే. బయట ఎటు చూసినా మంచు. తట్టుకోలేక ఓ మంత్రగాడి దగ్గరికి వెళ్తుంది. ఇంటికెళ్లే దారిలో మొదట ఎదురైన ప్రాణిని బలివ్వాలంటాడు వాడు. ఎదురయ్యేది అస్లాక్ తనకి ప్రేమగా ఇచ్చిన తెల్ల రెయిండీర్ పిల్లే! బలి ఇచ్చేస్తుంది. ఆ తర్వాత తనే తెల్ల రెయిండీర్‌గా మారి, వెంటపడిన మగాళ్లని చంపుతూ పోతుంది. చివరికి ఎవరని తెలియకుండా అస్లాకే ఈటెతో పొడిచేస్తాడు.

సామీ ప్రజల మధ్య జరిగే కథ ఇది. తీసినవాళ్లు మాత్రం సామీలు కారు. ఆ మంత్రాలు, మాయలు బయటివాళ్ల ఊహలాగే ఉంటాయి. కానీ ఆ ఎదురుచూపు మాత్రం నిజం.

ఆ మాట నాకు అర్థమయ్యేలా చేసింది మా అక్క. తనది జగిత్యాల దగ్గర ఊరు. బావ దుబాయ్‌లో పని చేస్తాడు, రెండేళ్లకోసారి వస్తాడు. మొన్న సెలవులకి వెళ్లినప్పుడు ల్యాప్‌టాప్‌లో ఈ సినిమా పెట్టి, సబ్‌టైటిల్స్ తెలుగులో చెప్తూ కూర్చున్నా. సగం నుంచి నేను చెప్పాల్సిన పనే లేకపోయింది. సినిమా అయిపోయాక అడిగా, “దయ్యం సినిమా ఎట్లుందక్కా?” అని.

“గిది దయ్యం సినిమా ఎట్లయితది తమ్మీ? మొగడు ఇంట్లుంటే గామె మంత్రగాని దగ్గరికి ఎందుకు పోతది? ఊరంత ఆమెనే తప్పు పట్టవట్టె. ఆయిన ఎన్నడొస్తడని మాత్రం ఒక్కరు అడుగలే.”

నేను వారం రోజులు ఆ సినిమా గురించి చదివా. అక్క ఒక్కసారి చూసి చెప్పేసింది. నేను చెప్పే సబ్‌టైటిల్స్ ఆపాక కూడా తనకి వినపడిందే, కువోస్మానెన్ రాసింది. ఖాళీ ఇల్లు, తలుపు వైపు చూపు, ఊరి కళ్లు... వీటికి డైలాగులు అక్కర్లేదు, కానీ ఎవరో ఒకరు ముందుగా ఆలోచించి రాయాలి. మా కోడింగ్‌లోనూ ఇంతే. స్క్రీన్ మీద బటన్ ఒకటే కనిపిస్తుంది, దాని వెనక ఏం జరగాలో రాసినవాళ్లు కనిపించరు.

1953లో కాన్స్‌లో ఈ సినిమాకి బహుమతి వచ్చింది. జ్యూరీ అధ్యక్షుడు జాన్ కాక్టో. 1957లో గోల్డెన్ గ్లోబ్ అందుకున్న విదేశీ చిత్రాల్లో ఇదీ ఒకటి. 1963లో, యాభై నిండకుండానే కువోస్మానెన్ చనిపోయింది. ఇప్పుడు ఫోన్లో ఈ సినిమా పేరు కొడితే ముందు కనిపించేది డైరెక్టర్ పేరు, తర్వాత ఆమె మొహం. రచయితగా ఆమె పేరు కావాలంటే ఇంకొంచెం కిందికి స్క్రోల్ చేయాలి. దొరికితే చూడండి. టైటిల్స్ మాత్రం స్కిప్ చేయకండి.